సున్నా నంబరు బెంచీ

మాణిక్యాంబ గారు సామర్లకోట దగ్గర మా జిల్లా పరిషత్ హైస్కూల్లో ఇరవై ఆరేళ్ళు లెక్కలు చెప్పారు. అందులో పదమూడేళ్ళు స్టాఫ్ రూములో ఆవిడ పక్క కుర్చీ నాది. నేను తెలుగు చెప్పేవాణ్ణి. మా ఇద్దరి కుర్చీలకీ మధ్య ఒక నీళ్ళ కూజా ఉండేది. ఆ కూజాకి అటు ప్రపంచంలో ప్రతిదానికీ ఋజువు ఉండాలి, ఇటు ప్రపంచంలో ప్రాస ఉంటే చాలు.

ఆవిడకి ఒకే ఒక్క విషయంలో కోపం వచ్చేది. సమానం గుర్తు తప్పుగా వాడితే. పిల్లలు లెక్క చేసుకుంటూ చేసుకుంటూ, ఒక మెట్టుకీ ఇంకో మెట్టుకీ మధ్య అలవాటు కొద్దీ ఆ రెండు గీతలూ గీసేస్తారు. ఆవిడ దాని చుట్టూ ఎర్రసిరాతో సున్నా చుట్టి, పక్కన "యాభై సార్లు" అని రాసేవారు. అంటే ఆ తప్పుని సరిదిద్ది యాభై సార్లు రాసుకు రావాలి. ఎన్ని తరాల పిల్లలు రాశారో! ఊళ్ళో ఆవిడ పేరు ఎవరికీ గుర్తులేదు. "సమానం మేడమ్ గారు" అంటేనే ఇల్లు చూపిస్తారు.

ఆవిడ భర్త భీమరాజు గారు చక్కెర ఫ్యాక్టరీలో చెరుకు బళ్ళ కాటా దగ్గర పనిచేసేవారు. నిదానమైన మనిషి. "కూరలో ఉప్పు దాదాపు సరిపోయిందే" అంటే, "దాదాపు వేరండీ, సరిపోవడం వేరు" అని ఆవిడ అనేవారట. ఆయన ఆ తరవాత ఉప్పు గురించి మాట్లాడటం మానేశారు.

1999 జూలైలో మా స్కూలుకి అయిదు కంప్యూటర్లు వచ్చాయి. హెడ్మాస్టరు ఆంజనేయులు గారు వాటికి పసుపు రాసి, కుంకుమ పెట్టి, కొబ్బరికాయ కొట్టి, దర్జీ చేత గళ్ళ గుడ్డతో ముసుగులు కుట్టించి, గదికి తాళం వేశారు. గది బయట "చెప్పులు విడువవలెను" అని బోర్డు కూడా పెట్టించారు. తాళం తీస్తే కదా చెప్పులు విడవడానికి!

"ఇప్పుడు ముట్టుకోకూడదండీ," అన్నారాయన స్టాఫ్ మీటింగులో. "రెండు వేల సంవత్సరం వచ్చే రాత్రి ఇవన్నీ తారీఖు తెలీక పేలిపోతాయంటున్నారు. జనవరి ఒకటి దాటాక తీద్దాం. ఈలోగా మనలో ఒకరు నేర్చుకోవాలి." అని అందరినీ చూసి, మాణిక్యాంబ గారి దగ్గర ఆగారు. "కంప్యూటరంటే లెక్కలే కదండీ మేడమ్ గారూ."

"లెక్కలే అయితే నేర్చుకోవడానికేముందండీ, నాకొచ్చుగా," అన్నారావిడ. అయినా మర్నాడే వెళ్ళి చేరారు. అప్పటికి ఆవిడకి యాభై రెండేళ్ళు.

కంప్యూటర్ సెంటరు సామర్లకోట స్టేషను రోడ్డులో, ఎరువుల కొట్టు మేడ మీద. యూరియా వాసనలో సి లాంగ్వేజీ నేర్పేవారు. సాయంత్రం అయిదింటికి మాణిక్యాంబ గారు గొడుగు, కొత్త నోటుబుక్కు, ఎర్రసిరా పెన్ను పట్టుకుని మెట్లెక్కి లోపలికి అడుగు పెట్టగానే, పాఠం చెప్పడానికి సిద్ధంగా కూర్చున్న అమ్మాయి కుర్చీలోంచి దిగ్గున లేచి నిలబడింది.

ఆ అమ్మాయి శ్రీసుధ. మా స్కూల్లోనే చదివింది. పదో తరగతిలో లెక్కల్లో ముప్పయ్యారు మార్కులతో గట్టెక్కి, లెక్కల మొహం మళ్ళీ చూడకూడదని ఇంటర్లో కామర్స్ తీసుకుని, బీకామ్ చేసి, అక్కణ్ణుంచి కంప్యూటర్ డిప్లొమా చేసి, ఈ మేడ మీద ఫ్యాకల్టీ అయింది. ఇన్నాళ్ళకి లెక్కలు మేడ మెట్లెక్కి వచ్చాయి.

"మేడమ్ గారా! ఎవరి కోసం వచ్చారండీ?"

"నీ కోసమే. కూర్చో."

"మీరు కూర్చోండి మేడమ్ గారూ."

"నేను కూర్చుంటాలే, నువ్వు చెప్పాల్సినదానివి. కూర్చో."

శ్రీసుధ ఆ గంటసేపూ కూర్చోలేదు. అటెండెన్సు పిలుస్తూ ఆవిడ పేరు దగ్గరికొచ్చి, "మాణిక్యాంబ" అనలేక, "మేడమ్ గారండీ... వచ్చారాండీ?" అంది. మిగతా పదకొండు మందీ నవ్వారు. మాణిక్యాంబ గారు లేచి నిలబడి "ప్రెజెంట్" అన్నారు. 

రెండో రోజు అసలు గొడవ మొదలైంది. శ్రీసుధ బోర్డు మీద "ఎక్స్ = ఎక్స్ + 1" అని రాసింది. మాణిక్యాంబ గారి చెయ్యి లేచింది.

"అమ్మా, రెండు పక్కలా ఎక్స్ కొట్టెయ్యి. ఏం మిగిలింది?"

శ్రీసుధ బోర్డుని చూసింది. సుద్దతో రెండు ఎక్స్‌లూ కొట్టేసింది. "సున్నా ఈజీక్వల్టు ఒకటి అండి."

"అవునా? సున్నా, ఒకటీ సమానమా?"

"కాదండి. కానీ మేడమ్ గారూ, కంప్యూటర్ ఒప్పుకుంటుందండి."

"అది ఒప్పుకుంటే నేనూ ఒప్పుకోవాలా?"

శ్రీసుధ ధైర్యం తెచ్చుకుని, నిజమైన సమానానికి సి లాంగ్వేజీలో ఆ గుర్తు రెండుసార్లు పెట్టాలని చెప్పింది. "రెండు గీతలు చాల్లేదు, నాలుగు గీతలు కావలసొచ్చాయా?" అని మాణిక్యాంబ గారు లేచారు. సెంటరు వాళ్ళిచ్చిన అచ్చు పుస్తకంలో ఆ గుర్తు ఉన్న ప్రతిచోటా ఎర్రసిరాతో సున్నా చుట్టి, బల్ల మీద పెట్టి, గొడుగు తీసుకుని వెళ్ళిపోయారు. తరవాత రెండు రోజులు క్లాసుకి వెళ్ళలేదు.

రెండో రోజు సాయంత్రం ఇంట్లో కాఫీ ఇస్తూ ఈ అన్యాయం గురించి భర్తకి చెప్పారు. భీమరాజు గారు సగం గ్లాసు తాగి కింద పెట్టారు.

"ఇందులో తప్పేముంది మాణిక్యం? మా కాటా గోడకి ఓ నల్లబోర్డు ఉంది. దాని మీద ఇవాళ్టి బళ్ళు నలభై అని ఉంటుంది. ఇంకో బండి వచ్చింది. నేనేం చేస్తాను? బోర్డు మీద ఎంతుందో చూస్తాను, ఒకటి కలుపుతాను, పాతది చెరిపి నలభై ఒకటి రాస్తాను. నలభై, నలభై ఒకటీ సమానమని నేనెప్పుడన్నాను?"

ఆవిడ కాఫీ గిన్నె పట్టుకుని అలాగే నిలబడిపోయారు. "అంటే ఎడమ పక్కది బోర్డు పేరు. కుడి పక్కది బోర్డు మీద అంతకు ముందున్నది."

"అదేనేమో మరి. ఇంకొంచెం కాఫీ ఉందా?"

మర్నాడు స్టాఫ్ రూములో ఆవిడ నాకీ సంగతి చెప్పి, "ఇది సమీకరణం కాదండీ, ఏదో పని చెయ్యమని చెప్పడం," అన్నారు. నా జీవితంలో ఆవిడకి ఉపయోగపడిన మాట అప్పుడొక్కసారే అన్నాను: "అయితే విధ్యర్థకమండీ. 'రాముడు వచ్చాడు' కాదు, 'రామా, రా' అన్నమాట." ఆవిడ కూజా మీదుగా నాకేసి చూసి, "తెలుగులో కూడా విషయం ఉందండీ," అన్నారు. నాకు ఆ ఏడాది వచ్చిన ఏకైక ప్రశంస అది.

ఆ సాయంత్రం వెళ్ళి క్లాసులో కూర్చున్నారు. తన నోటుబుక్కులో మాత్రం ఆ గుర్తు బదులు చివరిదాకా బాణం గుర్తే వేసుకున్నారు.

మూడో వారంలో ఫాక్టోరియల్ ప్రోగ్రాం వచ్చింది. ఒకటి నుంచి మొదలుపెట్టి వరసగా అంకెలన్నీ హెచ్చవేసుకుంటూ పోవడం. అయిదుకి నూట ఇరవై, ఆరుకి ఏడు వందల ఇరవై, ఏడుకి అయిదు వేల నలభై. మాణిక్యాంబ గారు ఒక్కొక్కటే చూసి తలూపుతున్నారు. ఎనిమిదికి తెర మీద మైనస్ ఇరవై అయిదు వేల రెండు వందల పదహారు అని పడింది.

"ఎనిమిది ధన సంఖ్యల్ని హెచ్చవేస్తే ఋణ సంఖ్య వచ్చిందమ్మా," అన్నారావిడ, ఇంట్లో పాము దూరిందని చెప్పేంత నెమ్మదిగా.

"అది గార్బేజ్ వేల్యూ అండి. పట్టించుకోకూడదండి."

"గార్బేజంటే?"

"చెత్తండి."

"చెత్త అయితే రోజుకో రకంగా ఉండాలి. మళ్ళీ నడుపు."

మళ్ళీ నడిపింది. అదే మైనస్ ఇరవై అయిదు వేల రెండు వందల పదహారు. మూడోసారీ అదే. "ఇంత పద్ధతిగా ఉన్నదాన్ని చెత్త అనకూడదమ్మా," అని ఆ సంఖ్యని కాగితం మీద రాసుకుని వెళ్ళారు.

మర్నాడు క్లాసు మొదలవకముందే ఆవిడ బోర్డు దగ్గరికెళ్ళి పెద్ద గడియారం బొమ్మ గీశారు. ఆవిడ బోర్డు దగ్గర నిలబడగానే శ్రీసుధ అసంకల్పితంగా వెళ్ళి బెంచీలో కూర్చుంది.

"గడియారంలో పన్నెండు దాటితే పదమూడు రాదు, మళ్ళీ ఒకటి వస్తుంది. ఈ కంప్యూటర్ ఒక అంకెకి ఇచ్చిన చోటు కూడా గడియారమే. కాకపోతే పన్నెండు గంటలు కాదు, అరవై అయిదు వేల అయిదు వందల ముప్పయ్యారు గంటలు. అందులో సగం ధన సంఖ్యలకి, సగం ఋణ సంఖ్యలకి. ఎనిమిది ఫాక్టోరియల్ నలభై వేల మూడు వందల ఇరవై. అది ధన సంఖ్యల హద్దు దాటి ఋణ సంఖ్యల వేపు తిరిగిపోయింది. ఎక్కడ ఆగిందో కావాలా? నలభై వేల మూడు వందల ఇరవైలోంచి ఆ మొత్తం గంటలు తీసెయ్యి."

శ్రీసుధ కాగితం మీద తీసివేసింది. రెండుసార్లు సరిచూసుకుంది. కచ్చితంగా మైనస్ ఇరవై అయిదు వేల రెండు వందల పదహారు.

"అయ్య బాబోయ్," అంది. రెండేళ్ళుగా నాలుగు బ్యాచిల పిల్లలకి అది చెత్త అని చెప్పింది తను. "మేడమ్ గారూ, ఇదే లెక్కలైతే మరి స్కూల్లో నాకెందుకండీ అంత భయమేసింది?"

మాణిక్యాంబ గారు సుద్ద ముక్కతో బోర్డు మీది బొమ్మ చూపించారు. "అప్పుడు నేను గడియారం గియ్యలేదమ్మా," అన్నారు.

ఆ తరవాత వాళ్ళిద్దరిలో ఎవరు ఎవరికి చెబుతున్నారో సెంటరు యజమానికి కూడా తెలిసేది కాదు. ఒకరోజు లెక్కించడం సున్నా నుంచి మొదలుపెట్టాలని శ్రీసుధ అంటే మాణిక్యాంబ గారు మళ్ళీ అడ్డం తిరిగారు. "మొదటి దాన్ని సున్నా అంటావేంటమ్మా? పెద్దకొడుకుని సున్నో కొడుకంటామా?"

ఈసారి శ్రీసుధ వెనక్కి తగ్గలేదు. "మేడమ్ గారూ, వీధి మొదట్లో నిలబడ్డారనుకోండి. మొదటి ఇంటికి వెళ్ళాలంటే ఎన్ని ఇళ్ళు దాటాలండీ? ఒక్కటీ దాటక్కర్లేదు. అందుకని దాని నంబరు సున్నా. ఎన్ని దాటాలో అదే నంబరండి."

"ఈ మాట పదో క్లాసులో చెప్పుంటే నీకు ఇంకో పది మార్కులు వేసేదాన్ని," అన్నారు మాణిక్యాంబ గారు. పిల్లని మెచ్చుకునే హడావిడిలో ఆ సున్నాని ఒప్పేసుకున్నారు. దాని ఫలితం డిసెంబరులో బయటపడింది.

డిసెంబరులో అర్ధసంవత్సర పరీక్షలు. పరీక్షలకి పిల్లల్ని కూర్చోబెట్టే పని ఎప్పుడూ డ్రిల్లు మాస్టారు వీరాస్వామి గారిది. మెళ్ళో విజిల్, చేతిలో సుద్దముక్క, మూడు రోజుల హైరానా. ఎంత చేసినా ఏదో ఒక మూల ఒకే తరగతి పిల్లలు పక్కపక్కన పడి, ఒకే తప్పు ఇద్దరూ చక్కగా రాసేవారు. ఈసారి ఆ పని కంప్యూటర్ చేస్తుందని మాణిక్యాంబ గారు ప్రకటించారు.

పది గదులు, గదికి ఇరవై నాలుగు బెంచీలు, బెంచీకి ఒక్కరు. ఎనిమిది, తొమ్మిది, పది తరగతుల నుంచి తలో ఎనభై మంది. ఆవిడ ఉపాయం చిన్నది. బెంచీ నంబరుని మూడుతో భాగించాలి. శేషం సున్నా వస్తే ఎనిమిదో తరగతి, ఒకటి వస్తే తొమ్మిది, రెండు వస్తే పది. ముందువాడు, వెనకవాడు ఎప్పుడూ వేరే తరగతే.

"గదికి నాలుగు వరసలు, వరసకి ఆరు బెంచీలు వేయించానండి మేడమ్ గారూ," అన్నారు వీరాస్వామి గారు.

"ఆరు కుదరదండీ. ఆరుని మూడు నిశ్శేషంగా భాగిస్తుంది. పక్క వరసలో మళ్ళీ అదే తరగతివాడు పడతాడు. మూడు వరసలు, వరసకి ఎనిమిది వేయించండి."

"ఎనిమిదైతే మూడుకేటండీ నష్టం?"

"ఎనిమిదిని భాగించలేదుగా."

వీరాస్వామి గారు రెండువందల నలభై బెంచీలు మళ్ళీ జరిపించారు. ప్రతి బెంచీ మీదా సుద్దతో ఒకటి నుంచి ఇరవై నాలుగు దాకా నంబర్లు వేశారు. మనిషి మొహంలో ఆనందం లేదు.

శ్రీసుధ, మాణిక్యాంబ గారు పది రోజులు కూర్చుని ప్రోగ్రాం రాశారు. సెంటరులో ప్రింటరు కీచుమని అరుస్తూ గజాల కొద్దీ కాగితం కక్కింది. పరీక్ష రోజు పొద్దున్న ఆంజనేయులు గారు స్వయంగా ఆ కాగితాలని గదుల తలుపులకి అంటించారు.

మొదటి గంట కొట్టిన అయిదు నిమిషాలకి ఎనిమిదో తరగతి సూర్యకళ వెక్కి వెక్కి ఏడుస్తూ స్టాఫ్ రూముకి వచ్చింది.

"మేడమ్ గారండీ, పరీక్ష రాయకుండానే నాకు సున్నా వేసేశారండీ!"

"ఎవరు వేశారే?"

"కంప్యూటరండీ. తలుపు మీద అంటించారండీ."

మాణిక్యాంబ గారితో పాటు నేనూ బయటికి పరిగెత్తాను. వరండాలో సూర్యకళ లాంటివాళ్ళు ఇంకో తొమ్మండుగురు ఉన్నారు. గదికొకరు. అందరిదీ సున్నా నంబరు బెంచీ. ఆ నంబరు బెంచీ బళ్ళో ఎక్కడా లేదు. కొందరు బల్లల కింద కూడా వెతికారు. ఒకడు, సున్నా అంటే అందరికంటే ముందని, వెళ్ళి ఇన్విజిలేటరు కుర్చీలో కూర్చున్నాడట.

వీరాస్వామి గారు విజిల్ వేశారు. మూడు రోజుల తరవాత ఆయన మొహం వెలిగింది. "సున్నాలందరూ ఇటొచ్చి లైన్లో నిలబడండి! ఆయ్!"

ఆంజనేయులు గారు పేపర్ల కట్ట గుండెకి హత్తుకుని వచ్చారు. "మేడమ్ గారూ, ఈ సున్నా బెంచీ ఎక్కడుందండీ?"

మాణిక్యాంబ గారు తలుపు మీది కాగితాన్ని పైనుంచి కిందికి చూశారు. సున్నా నుంచి ఇరవై మూడు దాకా ఉంది. లోపలికి తొంగి చూస్తే చివరి బెంచీ, ఇరవై నాలుగు, ఖాళీగా ఉంది. ప్రింటు చేసేటప్పుడు ఒకటి కలపడం మరిచిపోయారు.

"సున్నాలందరూ ఇరవై నాలుగులో కూర్చోండి," అన్నారు. పిల్లలు కదలబోతుంటే, "ఆగండి!" అని అరిచారు.

"మళ్ళీ ఏంటండీ?" అన్నారు ఆంజనేయులు గారు.

"పక్కన అదే తరగతి పడుతుందేమో చూడాలి కదండీ. సున్నాని మూడుతో భాగిస్తే శేషం సున్నా. ఇరవై నాలుగుని భాగించినా శేషం సున్నా. కనక మూడు దృష్టిలో ఆ రెండూ ఒకటే. ముందున్న ఇరవై మూడుకి శేషం రెండు, పక్క వరసలో పదహారుకి శేషం ఒకటి. కనక..."

"మేడమ్ గారూ, ఋజువు మధ్యాహ్నం చూద్దామండీ. పేపర్లు పంచనివ్వండి!"

ఎనిమిది నిమిషాలు ఆలస్యంగా పరీక్ష మొదలైంది. ఆ రోజు గదుల్లో ఫ్యాన్ల చప్పుడు తప్ప ఇంకేమీ వినపడలేదు. పక్కకి తొంగి చూసినవాడికి పక్కవాడి పేపరు అర్థమైతే కదా!

మర్నాడు ప్రార్థన అయ్యాక మాణిక్యాంబ గారు మెట్టు మీద నిలబడి, "నిన్నటి తప్పు కంప్యూటర్‌ది కాదు, నాది," అన్నారు. లెక్కల మేడమ్ తప్పు చేసిందనడం, అదీ ఆవిడే అనడం బడి పిల్లలు ఎప్పుడూ వినలేదు. వరసల్లోంచి సూర్యకళ గొంతు వినబడింది. అప్పటికి దానికి ఏడుపు పోయి ధైర్యం వచ్చింది.

"మేడమ్ గారండీ, ఎన్నిసార్లు రాయాలండీ?"

 మాణిక్యాంబ గారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు.

"యాభై," అన్నారు.

ఆ మర్నాడు నోటీసు బోర్డు మీద కంప్యూటర్ కాగితం వేలాడింది. "బెంచీలు ఒకటి నుంచి మొదలవుతాయి" అనే ముక్క ఇంగ్లీషు అక్షరాల్లో వరసగా ఉంది. ప్రోగ్రాం చేత రాయించారు. నేను ఇది దొంగతనం కదా అంటే, "పని చెయ్యమని చెప్పడమే కదండీ, మీరన్న విధ్యర్థకం," అన్నారు. వీరాస్వామి గారు మాత్రం బోర్డు ముందు నిలబడి వేలుపెట్టి ఒక్కొక్క వరసే లెక్కపెట్టారు.

"మేడమ్ గారూ, నలభై తొమ్మిదే ఉన్నాయండి."

ఆవిడ వచ్చి లెక్కపెట్టారు. నిజమే, ఈసారి లెక్క ఒకటి నుంచే మొదలుపెట్టించి, యాభైకి ఒకటి ముందే ఆపించేశారు. చేతిసంచీలోంచి ఎర్రసిరా పెన్ను తీసి, యాభయ్యోది చేత్తో రాశారు.

జనవరి ఒకటిన ఏమీ పేలలేదు. మూడో తారీఖున ఆంజనేయులు గారు తాళం తీసి, తను గుమ్మం బయటే నిలబడి, మాణిక్యాంబ గారిని లోపలికి పంపారు. ఆ తరవాత ఆవిడ అయిదేళ్ళపాటు లెక్కలూ కంప్యూటరూ రెండూ ఒకే పీరియడ్‌లో కలిపి చెప్పారు. ఏ అరగంట ఏది చెబుతున్నారో పిల్లలకి తెలిసేది కాదు, తెలియాల్సిన అవసరమూ పడలేదు.

ఈ కథలో నిజంగా మారిన మనిషి శ్రీసుధ. దూరవిద్యలో లెక్కలతో డిగ్రీకి మళ్ళీ మొదటి నుంచి కట్టింది. ఆదివారం పొద్దున్న తొమ్మిదింటికి మాణిక్యాంబ గారింటికి వచ్చేది. వీళ్ళిద్దరూ పెరటి అరుగు మీద కాగితాలు పరుచుకుంటే, భీమరాజు గారు ఉప్మా తనే చేసుకోవడం నేర్చుకున్నారు. 2004లో ఫలితాలు వచ్చాయి. లెక్కల పేపర్లన్నిటిలోనూ కలిపి డెబ్బై ఒక్క శాతం. మాణిక్యాంబ గారు మార్కుల కాగితం చాలాసేపు చూసి, "ఇది దాదాపు..." అని మొదలుపెట్టి, ఆ మాట దగ్గరే ఆపేసి, లోపలికి వెళ్ళిపోయారు.

పాసైతే కోరుకొండ నరసింహస్వామి కొండెక్కుతానని శ్రీసుధ మొక్కుకుందట. ఆ ఆదివారం వాళ్ళతో నేనూ వెళ్ళాను. కోరుకొండ మెట్లు నిట్టనిలువుగా ఉంటాయి. సగం కూడా ఎక్కకముందే భీమరాజు గారికీ నాకూ ఆయాసం పట్టుకుంది. మాణిక్యాంబ గారికి మాత్రం మాట కూడా ఆగలేదు. ప్రోగ్రాం తనని తనే పిలుచుకోవడం అనేదాన్ని భర్తకి బోధపరుస్తున్నారు.

"ఇప్పుడు వందో మెట్టు ఎక్కాలంటే ఏం చెయ్యాలండీ? ముందు తొంభై తొమ్మిదో మెట్టు ఎక్కాలి. అది ఎక్కాలంటే తొంభై ఎనిమిదోది. పెద్ద పనిని అదే రకం చిన్న పనిలోకి దింపుకుంటూ పోవడం. మా లెక్కల్లో దీన్నే అనుగమనం అంటాం."

"కానీ ఎక్కడో ఒకచోట ఆగే షరతు ఉండాలండీ బాబాయి గారూ," అంది శ్రీసుధ. "లేకపోతే అలా నడుస్తూనే ఉండి, చివరికి మెషిను కూలబడిపోతుందండి."

భీమరాజు గారు ఆగారు. కండువాతో మొహం తుడుచుకుని, కుడిపక్కన నీడ పడ్డ మెట్టు చూసి, దాని మీద కూర్చున్నారు.

"ఇదిగో అమ్మా, షరతు దొరికింది. మీరు వెళ్ళి రండి."

నేనూ ఆయన పక్కన చేరాను. వాళ్ళిద్దరూ మాట్లాడుకుంటూనే మలుపు తిరిగి పైకి వెళ్ళిపోయారు. దర్శనం చేసుకుని ప్రసాదంతో దిగి వచ్చేసరికి మా మెట్టు మీదా, దాని కింది మెట్టు మీదా మరో ఏడెనిమిది మంది భక్తులు కూర్చుని ఉన్నారు. భీమరాజు గారు వాళ్ళకి మంచినీళ్ళ సీసా అందిస్తూ, ఇక్కడ ఆగకుండా ఎక్కితే మనిషి కూలబడిపోతాడని కంప్యూటర్ పుస్తకాల్లో రాసి ఉందని చెబుతున్నారు.